అంబాసిడర్ కారు తొలి ఇంజను కుటుంబాలు: నామకరణం, నమోదు - ఒక చారిత్రక పరిశీలన

వ్యాస సంగ్రహం:
కారుకు పేరు అది మార్కెట్లోకి వచ్చిన రోజునే పడుతుంది. దానిలోని ఇంజను కుటుంబానికి మాత్రం చాలాసార్లు ఆ కుటుంబంలో రెండో మూడో సంతానం కలిగాకే పేరు స్థిరపడుతుంది. హిందూస్థాన్ మోటార్స్ సంస్థ తయారుచేసిన హిందూస్థాన్ 10 మొదలు అంబాసిడర్ వరకు గల కార్లలోని ఇంజన్లను ఆధారంగా తీసుకొని, ఆ పేర్లు ఏ ప్రాతిపదికపై ఏర్పడ్డాయో ఈ వ్యాసం పరిశీలిస్తుంది. పేరులోని అంకె, ఘనపరిమాణం, కారు పేరు, వీటిలో ఏదీ ఒంటరిగా ఇంజను కుటుంబాన్ని గుర్తించడానికి చాలదని నిరూపించడం, విజయవాడ ప్రాంతపు మోటారు మరమ్మతు వృత్తి పదజాలాన్ని నమోదు చేసేటప్పుడు పాటించవలసిన పద్ధతిని సూచించడం దీని లక్ష్యాలు.

కీలకపదాలు: అంబాసిడర్, ఇంజను కుటుంబం, నామకరణం, యోగరూఢి, అతివ్యాప్తి, వృత్తిపదకోశం, ఆటోనగర్, విజయవాడ.

1. ఉపోద్ఘాతం:

మంగళగిరి నుంచి జాతీయ రహదారి మీదుగా కృష్ణ దాటి విజయవాడలో అడుగుపెట్టేవారికి ఎదురయ్యే పెద్ద కూడలి బెంజ్ సర్కిల్. ఒక జర్మన్ వాహనసంస్థ పేరు ఇక్కడ ఊరిలోని ఒక చోటు పేరుగా స్థిరపడింది. ఆ మాటను నిత్యం పలికేవారిలో ఎక్కువమందికి వాహనం స్ఫురించదు, చోటే స్ఫురిస్తుంది. ఈ కూడలికి చేరువలోనే పటమట వైపు జవహర్ ఆటోనగర్ ఉంది. 1966లో ఏర్పడిన ఈ పారిశ్రామికవాడ లారీలు, బస్సులు, కార్ల మరమ్మతుకూ, బాడీల నిర్మాణానికీ దేశమంతటా పేరు పొందింది. కలకత్తా-మద్రాసు రహదారి, హైదరాబాదు-మచిలీపట్నం రహదారి కలిసే చోటు కావడం, డెల్టా ధాన్యం రవాణాకు లారీలు అవసరం కావడం, 1957లో ప్రకాశం బ్యారేజి మీదుగా కృష్ణకు రోడ్డు వంతెన దొరకడం ఈ వృత్తి ఇక్కడ పెరగడానికి అనుకూలించాయి.

ఈ వాడలో రెండు తరాల మెకానిక్కుల చేతుల్లో నలిగిన కారు అంబాసిడర్. ప్రభుత్వ కార్యాలయాల్లోనూ, టాక్సీ స్టాండ్లలోనూ అర్ధశతాబ్దం పాటు కనిపించిన ఈ కారు ఉత్పత్తి 2014 మే నెలలో ఆగిపోయింది. కారు చరిత్ర విరివిగానే రాశారు. దాని ఇంజను చరిత్ర మాత్రం ఎక్కువగా ‘1500 సి.సి. ఇంజను’ అన్న ఒక్క మాటలో ముగిసిపోతుంది. ఆ ఒక్క మాటలో రెండు వేర్వేరు ఇంజను కుటుంబాలు కలిసిపోయి ఉన్నాయి. అవి ఎలా కలిసిపోయాయో, వాటిని ఎలా విడదీయాలో పరిశీలించవలసి ఉంది.

2. పన్ను లెక్క నుంచి పుట్టిన పేర్లు:

హిందూస్థాన్ మోటార్స్ 1942లో బిర్లాల ఆధ్వర్యంలో ఏర్పడింది. గుజరాత్ తీరంలోని ఓఖా రేవులో చిన్న కర్మాగారంతో మొదలై, 1948లో పశ్చిమబెంగాల్‌లోని ఉత్తర్‌పారాకు మారింది. ఇంగ్లండులోని మోరిస్ కార్లను ఇక్కడి పేర్లతో తయారుచేయడం దీని తొలినాటి పని. మోరిస్ టెన్ ఇక్కడ హిందూస్థాన్ 10 అయింది. మోరిస్ ఆక్స్‌ఫర్డ్ తొలి నమూనా హిందూస్థాన్ 14 అయింది.

ఈ 10, 14 అంకెలు ఇంజను అసలు శక్తిని చెప్పవు. బ్రిటన్‌లో 1940ల చివరివరకు కార్లపై పన్ను విధించడానికి ఒక సూత్రం ఉండేది. సిలిండరు వ్యాసాన్ని, అంటే బోరును, అంగుళాల్లో తీసుకొని వర్గం చేసి, సిలిండర్ల సంఖ్యతో హెచ్చించి, 2.5తో భాగిస్తే ‘పన్ను అశ్వశక్తి’ వస్తుంది. మోరిస్ టెన్ ఇంజను బోరు 63.5 మి.మీ., అంటే సరిగ్గా రెండున్నర అంగుళాలు, సిలిండర్లు నాలుగు. సూత్రం ప్రకారం ఫలితం సరిగ్గా 10. హిందూస్థాన్ 14 ఇంజను బోరు 73.5 మి.మీ. దానికి ఫలితం 13.4 వస్తుంది. దాని పై పూర్ణాంకమే పేరులో చేరిందని భావించవచ్చు.

ఈ సూత్రంలో స్ట్రోకుకు, అంటే పిస్టను పైకీ కిందికీ కదిలే దూరానికి, చోటు లేకపోవడం గమనించదగినది. అందువల్ల ఒకే అంకె పేరున్న రెండు ఇంజన్లు పరిమాణంలోనూ శక్తిలోనూ భిన్నంగా ఉండవచ్చు. మన శాస్త్రకారుల పరిభాషలో చెప్పాలంటే, ఇవి పుట్టినప్పుడు యౌగికాలు, అవయవార్థం తెలిసేవి. పన్ను సూత్రం రద్దయ్యాక అవయవార్థం మరుగునపడి రూఢాలుగా మిగిలాయి. బ్రిటన్ పన్ను చట్టంతో ప్రమేయం లేని భారతీయ కొనుగోలుదారుకు ఇవి మొదటినుంచీ రూఢాలే.

3. అక్షర శ్రేణులు - తరవాత పడిన పేర్లు:

1952లో ఆస్టిన్, మోరిస్ సంస్థలు విలీనమై బ్రిటిష్ మోటార్ కార్పొరేషన్, సంక్షిప్తంగా బి.ఎం.సి., ఏర్పడింది. రెండు సంస్థల నుంచి సంక్రమించిన రకరకాల ఇంజన్లను తగ్గించి కొన్ని శ్రేణులకు పరిమితం చేయడం కొత్త సంస్థకు అవసరమైంది. ఆ క్రమంలో చిన్న ఇంజన్లు ఏ-శ్రేణి, మధ్యస్థమైనవి బి-శ్రేణి, ఆరు సిలిండర్ల పెద్ద ఇంజన్లు సి-శ్రేణి అయ్యాయి. ఈ అక్షరాలు ప్రధానంగా పరిమాణక్రమాన్ని తెలుపుతాయి.

ఏ-శ్రేణిలో మొదటిదిగా చెప్పే 803 సి.సి. ఇంజను 1951లో ఆస్టిన్ ఏ30 కారుతోపాటు వచ్చింది. అప్పటికి బి.ఎం.సి. ఏర్పడలేదు. కాబట్టి ‘బి.ఎం.సి. ఏ-శ్రేణి’ అన్న పూర్తి పేరు ఆ ఇంజను పుట్టుకనాటిది అయ్యే వీలు లేదు. బి, సి శ్రేణులు 1953-54లో వచ్చాక, వాటితో పోల్చిచూసే అవసరం కలిగాకే ‘ఏ’ అన్న అక్షరానికి సార్థకత ఏర్పడింది. రెండో తరం కవులు వచ్చాకే మొదటి తరం కవులకు ‘తొలితరం’ అన్న పేరు పొసగినట్లే, శ్రేణి నామం వెనుదిరిగి చూసినప్పుడు ఏర్పడే పేరు. చరిత్రరచనలో ఈ పేరును వాడటం తప్పు కాదు. అది పుట్టుకనాటి పేరని చెప్పడమే తప్పు.

దీనికి భిన్నంగా ఇంజను మీద చెక్కే సంకేతాలు పుట్టుకతో వచ్చేవి. బి-శ్రేణి ఇంజనునే ఎం.జి. కార్లకు అమర్చినప్పుడు 15జి, 16జి, 18జి అన్న అంకెలతో మొదలయ్యే సంకేతాలు కనిపిస్తాయి. 15 అంటే సుమారు 1500 సి.సి., 18 అంటే సుమారు 1800 సి.సి.; ‘జి’ ఎం.జి. కారును సూచిస్తుంది. ఇవి శుద్ధ యౌగికాలు. ఒకే కుటుంబానికి చెందిన ఇంజన్లు ఇలా వేర్వేరు సంకేతాలతో నడుస్తుండగా, వాటన్నిటినీ కలిపి చెప్పే మాట ‘బి-శ్రేణి’. ఇంజను మీది గుర్తు వ్యక్తినామం వంటిదైతే, శ్రేణి పేరు ఇంటిపేరు వంటిది.

4. ఒకే కారు పేరు, రెండు ఇంజన్లు:

1954లో ఇంగ్లండులో మోరిస్ ఆక్స్‌ఫర్డ్ రెండో నమూనా వచ్చింది. దానిలో 1489 సి.సి. బి-శ్రేణి ఇంజను ఉంది. అదే కారు భారతదేశంలో హిందూస్థాన్ ల్యాండ్‌మాస్టర్‌గా వచ్చినప్పుడు మాత్రం దానికి హిందూస్థాన్ 14లోని పాత 1476 సి.సి. ఇంజనునే అమర్చారు. కారు ఆకారం కొత్తది, ఇంజను పాతది. ఆక్స్‌ఫర్డ్ మూడో నమూనా ఆధారంగా 1957-58లో రూపొందిన అంబాసిడర్ కూడా ఈ 1476 సి.సి. ఇంజనుతోనే మొదలైంది. 1959లో ఆ స్థానంలోకి 55 అశ్వశక్తి గల 1489 సి.సి. బి-శ్రేణి ఇంజను వచ్చింది. కారు పేరు మాత్రం మారలేదు.

ఇక్కడే చిక్కు ఏర్పడింది. రెండు ఇంజన్ల కొలతలను పక్కపక్కన పెట్టి చూస్తే ఇది స్పష్టమవుతుంది. పాత ఇంజను బోరు 73.5 మి.మీ., స్ట్రోకు 87 మి.మీ. కొత్త ఇంజను బోరు 73.025 మి.మీ., స్ట్రోకు 88.9 మి.మీ. బోరులో తేడా అర మిల్లీమీటరుకు లోపు. స్ట్రోకులో తేడా రెండు మిల్లీమీటర్లకు లోపు. ఘనపరిమాణంలో తేడా 13 సి.సి. మాత్రమే. రెంటినీ ‘1500’ అనడం సహజమే. ఒకటి మరొకదానికి కొద్దిగా సవరించిన రూపమని భ్రమపడటమూ సహజమే. అంబాసిడర్ గురించిన సాధారణ వర్ణనల్లో 1959 నాటి మార్పును ఇంజను ‘మెరుగుపడటం’గా చెప్పడానికి ఈ సామీప్యమే కారణం.

నిజానికి అవి నిర్మాణంలో వేరు. పాతది సైడ్‌వాల్వ్ ఇంజను. దానిలో వాల్వులు సిలిండర్ల పక్కన, బ్లాకులోనే ఉంటాయి. పైన ఉండే హెడ్డు దాదాపు మూత వంటిది. కొత్తది ఓవర్‌హెడ్ వాల్వ్ ఇంజను. దానిలో వాల్వులు హెడ్డులో సిలిండర్లకు పైన ఉంటాయి; కింద ఉన్న క్యాంషాఫ్టు కదలికను పుష్‌రాడ్లు, రాకర్లు పైకి చేరవేస్తాయి. ఈ భేదం మరమ్మతు చేసేవారికి చేతిపనిలోనే తెలుస్తుంది. మొదటిదానిలో వాల్వు సీట్లు అరిగితే పని బ్లాకు మీదనే చేయాలి. రెండోదానిలో హెడ్డు విప్పి బల్ల మీద పెట్టుకొని చేయవచ్చు. ఒకదాని హెడ్డు మరొకదానికి సరిపోదు. పైగా మొదటిది మోరిస్ వారసత్వం, రెండోది ఆస్టిన్ వారసత్వం. కాబట్టి 1959లో జరిగింది సవరణ కాదు, కుటుంబమే మారింది.

బ్రిటన్‌లోని ఆక్స్‌ఫర్డ్ కారు చరిత్రను యథాతథంగా భారతీయ కారుకు అన్వయిస్తే 1954 నుంచే ఇక్కడ బి-శ్రేణి ఉన్నట్లు పొరపడతాము. ఐదేళ్ల కాలం తప్పుగా నమోదవుతుంది. కారు నమూనా చరిత్ర, ఇంజను చరిత్ర రెండూ వేర్వేరు దారుల్లో ప్రయాణించాయన్న సంగతి ఇక్కడ ముఖ్యమైనది.

5. కుటుంబ లక్షణ నిర్ణయం - అవ్యాప్తి, అతివ్యాప్తి:

ఇంజను కుటుంబానికి లక్షణం ఏది? లక్ష్యంలో కొంతభాగానికి చెందకపోతే అవ్యాప్తి, లక్ష్యం కానిదానికి కూడా చెందితే అతివ్యాప్తి అని తార్కికులు లక్షణదోషాలను చెప్పారు. ఈ గీటురాయిని ఇక్కడ వినియోగించవచ్చు.

5.1 ఘనపరిమాణం: బి-శ్రేణిలో 1200, 1489, 1588, 1622, 1798 సి.సి. పెట్రోలు ఇంజన్లు ఉన్నాయి. ‘1500 సి.సి.’ అన్నది లక్షణమైతే మిగిలినవి జారిపోతాయి, అది అవ్యాప్తి. 1476 సి.సి. సైడ్‌వాల్వ్ ఇంజను కూడా అందులో చేరిపోతుంది, అది అతివ్యాప్తి. అంతేకాక ఘనపరిమాణం స్థిరమైనది కూడా కాదు. సిలిండర్లు అరిగినప్పుడు బోరు చేయించి ఓవర్‌సైజు పిస్టన్లు వేయడం మరమ్మతులో మామూలే. 1489 సి.సి. ఇంజను బోరును అంగుళంలో వెయ్యింట 40 వంతుల మేర పెంచితే ఘనపరిమాణం సుమారు 1531 సి.సి. అవుతుంది. రెండు ‘కుటుంబాల’ మధ్య ఉన్న 13 సి.సి. తేడాకు ఇది మూడురెట్ల కంటె ఎక్కువ. అయినా ఇంజను కుటుంబం మారలేదు.

5.2 స్ట్రోకు: బోరు చేయించినా మారనిది స్ట్రోకు. పైన చెప్పిన అయిదు బి-శ్రేణి పెట్రోలు ఇంజన్లలోనూ స్ట్రోకు 88.9 మి.మీ., అంటే సరిగ్గా మూడున్నర అంగుళాలు. సిలిండరు వ్యాసాన్ని పెంచుకుంటూ పోయారే తప్ప స్ట్రోకును కదపలేదు. కనుక అవ్యాప్తి దోషం ఇక్కడ లేదు. అయితే 2639 సి.సి. సి-శ్రేణి ఇంజను స్ట్రోకు కూడా 88.9 మి.మీ. బి-శ్రేణికి ముందు 1947లో వచ్చిన ఆస్టిన్ ఏ40 కారులోని 1200 సి.సి. ఇంజను స్ట్రోకూ అంతే. అంటే స్ట్రోకు ఒక్కటే లక్షణమైతే అతివ్యాప్తి తప్పదు.

5.3 నిర్మాణసామ్యం: సిలిండర్ల సంఖ్య, స్ట్రోకు, వాల్వుల అమరిక, బ్లాకు రూపం, విడిభాగాలు ఒకదాని నుంచి మరొకదానికి మార్చుకొనే వీలు, ఇవన్నీ కలిసినప్పుడే దోషరహితమైన లక్షణం ఏర్పడుతుంది. వీటిలో చివరిది మరమ్మతు చేసేవారి అనుభవంలో నుంచి వచ్చేది. కుటుంబాన్ని నిర్ణయించడంలో కర్మాగారపు పత్రానికి ఎంత విలువ ఉందో, పాత ఇంజను విప్పి భాగాలు వేరే ఇంజనుకు అమర్చిన చేతికీ అంత విలువ ఉంది.

6. మారిన పేర్లు, మారని ఇంజను:

అంబాసిడర్ 1962లో మార్క్ 2, 1975లో మార్క్ 3, 1979లో మార్క్ 4, 1990లో నోవా అయింది. ముందుభాగపు జాలీ, లోపలి అమరిక, దీపాలు వంటివి మారాయి. 1489 సి.సి. పెట్రోలు ఇంజను మాత్రం ఈ పేర్లన్నిటి కిందా కొనసాగింది. మార్క్ 4 కాలంలో చేరిన డీజిలు ఇంజను కూడా 1489 సి.సి. బి-శ్రేణికి చెందినదే. ఇంధనం మారినా ఇంటిపేరు మారలేదు. నాలుగో అధ్యాయంలో పేరు నిలిచి ఇంజను మారడం చూశాము. ఇక్కడ ఇంజను నిలిచి పేరు మారడం చూస్తున్నాము. కారు పేరును బట్టి ఇంజను కాలక్రమాన్ని నిర్ణయించడం ఉభయథా పొరపాటే.

1990 దశకం తొలినాళ్లలో వచ్చిన అంబాసిడర్ 1800 ఐ.ఎస్.జడ్. ఈ వరసలో ప్రత్యేకమైనది. జపానుకు చెందిన ఇసుజు సంస్థ రూపొందించిన 1817 సి.సి. ఇంజను దీనిలో ఉంది. ఇంజను వంశం కారు పేరులోకి ఎక్కడం అంబాసిడర్ చరిత్రలో ఇక్కడ స్పష్టంగా కనిపిస్తుంది. ‘ఐ.ఎస్.జడ్.’ అన్న మూడక్షరాలు ఇసుజును స్ఫురింపజేస్తాయి. అయితే వాడుకలో ఆ అక్షరాలు జారిపోయి ‘1800 ఇంజను’ మాత్రమే మిగిలితే పాత చిక్కే మళ్లీ వస్తుంది. బి-శ్రేణిలోని 1798 సి.సి. ఇంజను కూడా ‘1800’ అనే పేరుపొందింది. 1476, 1489ల మధ్య 13 సి.సి. తేడా ఎలా మరుగునపడిందో, 1798, 1817ల మధ్య 19 సి.సి. తేడా కూడా గుండ్రని అంకె కింద అలాగే మరుగునపడుతుంది. మొదటి జంటలో రెండూ భారతీయ కారులోనివే. రెండో జంటలో ఒకటి బ్రిటిష్, ఒకటి జపాన్ వంశానివి. గుండ్రని అంకె వంశాన్ని దాచిపెడుతుందనడానికి ఈ రెండు జంటలూ ఉదాహరణలు.

7. వాడుకలో నిలిచిన పేర్లు:

తయారీదారు పెట్టిన పేరుకూ జనవ్యవహారంలో నిలిచిన పేరుకూ తేడా ఉంటుంది. టాటా సంస్థ 1954లో జర్మనీకి చెందిన డైమ్లర్-బెంజ్ సంస్థతో ఒప్పందం చేసుకొని లారీల తయారీ చేపట్టింది. ఆ ఒప్పందం 1969లో ముగిసింది. లారీ ముందుభాగం మీది గుర్తు మారినా ‘బెంజి లారీ’ అన్న మాట వెంటనే పోలేదు. ఇది అర్థవ్యాకోచానికి ఉదాహరణ. ఒక సంస్థ పేరు ఒక తరహా లారీకి జాతినామం అయింది. బెంజ్ సర్కిల్ పేరులో ఆ మాట వాహనాన్ని కూడా వదిలి స్థలనామం స్థాయికి చేరింది.

డైమ్లర్-బెంజ్ పద్ధతిలో ఇంజనుకూ వాహనానికీ పేరులో బంధుత్వం ఉండటం విశేషం. తొలినాటి ఎల్ 312 లారీలో ఓ.ఎం. 312 ఇంజను ఉండేది. ‘ఓ.ఎం.’ అన్నది చమురు ఇంజను అనే అర్థమిచ్చే జర్మన్ మాటకు సంక్షేపం. అంబాసిడర్‌లో కారు పేరు ఇంజను పేరును మింగివేసింది. ఈ లారీలో రెండూ ఒకే అంకెను పంచుకున్నాయి.

ఫియట్ 1100 మరొక ఉదాహరణ. దాని ఘనపరిమాణం 1089 సి.సి. 1100 అన్నది సమీప గుండ్రని అంకె. అవయవార్థం ప్రకారం ఆ పరిమాణం గల ఏ ఇంజనుకైనా చెల్లవలసిన పేరు, ప్రసిద్ధి వల్ల ఒక్క కారుకే పరిమితమైంది. పంకం నుంచి పుట్టినవి ఎన్ని ఉన్నా పంకజమంటే తామరే అయినట్లు, ఇది యోగరూఢి. ఆ కారుకు తయారీదారు 1970లలో ప్రీమియర్ పద్మిని అని పేరు మార్చినా జనం ఫియట్ అనడం మానలేదు.

ఇటువంటి రెండంచెల నామకరణం ఈ ప్రాంతానికి కొత్త కాదు. మంగళగిరి చీరను కొనేవారు అంచును చూసి గుర్తిస్తారు, ‘నిజాం అంచు’ అంటారు. నేసేవారు నూలును చూసి గుర్తిస్తారు, ‘80 కౌంటు’ అంటారు. కౌంటు పెరిగేకొద్దీ నూలు సన్నబడుతుంది కనుక ఆ అంకె నేతగానికి యౌగికం. కొనేవారి పేరు, చేసేవారి పేరు ఒకే వస్త్రం మీద కలిసి ఉంటాయి. చేనేత మీద రాసేవారు రెంటినీ నమోదు చేస్తారు. మోటారు వాహనాల విషయంలో ఆ జాగ్రత్త ఇంకా అలవడవలసి ఉంది.

8. నమోదు పద్ధతి:

తెలుగులో వృత్తిపదాల సేకరణకు బలమైన పునాది ఉంది. భద్రిరాజు కృష్ణమూర్తి సంపాదకత్వంలో ఆంధ్రప్రదేశ్ సాహిత్య అకాడమీ ప్రచురించిన వ్యవసాయ పదకోశం (1962), చేనేత పదకోశం (1971) వృత్తిదారుల నోటినుంచి పదాలను సేకరించి, ప్రాంతభేదాలతో సహా నమోదు చేశాయి. ఆ పద్ధతిని మోటారు మరమ్మతు వృత్తికి అన్వయించేటప్పుడు ప్రతి ఇంజను పేరుకూ నాలుగు అంశాలు చేర్చడం అవసరం. పేరు పెట్టినవారు ఎవరు: తయారీదారా, పన్ను చట్టమా, విడిభాగాల వ్యాపారా, మెకానిక్కా? పేరు ఎప్పుడు ఏర్పడింది: ఇంజను పుట్టుకతోనా, తరవాతనా? పేరుకు ప్రాతిపదిక ఏది: బోరా, ఘనపరిమాణమా, శ్రేణి అక్షరమా, కారు పేరా? ఆ పేరు పరిధిలోకి వచ్చే ఇంజన్లు ఏవి?

ఈ నాలుగు అంశాలు లేకుండా ‘అంబాసిడర్ ఇంజను’ అన్న ఆరోపం రాస్తే అది మూడు కుటుంబాలను ఒక్కటి చేస్తుంది: మోరిస్ సైడ్‌వాల్వ్, బి.ఎం.సి. బి-శ్రేణి, ఇసుజు. సైడ్‌వాల్వ్ ఇంజనుతో వచ్చిన అంబాసిడర్ కార్ల కాలం రెండేళ్లకు మించదు. వాటిని విప్పి బిగించిన తరం దాదాపు కనుమరుగైంది. బి-శ్రేణిని ఎరిగిన తరం కూడా ఆటోనగర్ వంటి చోట్ల వయసు మీదపడి పని మానుకుంటున్న దశలో ఉంది. ఇంజన్ల కొలతలు పుస్తకాల్లో మిగులుతాయి. ఏ భాగం దేనికి అమరుతుంది, ఏ పేరుతో అడిగితే దుకాణంలో ఏది ఇచ్చేవారు అన్న జ్ఞానం మాత్రం మాటలోనే ఉంది. ఐదో అధ్యాయంలో చూసినట్లు, కుటుంబ లక్షణాన్ని పూర్తిచేసేది ఆ జ్ఞానమే.

9. ముగింపు:

1. హిందూస్థాన్ 10, 14 పేర్లలోని అంకెలు బ్రిటిష్ పన్ను సూత్రానికి సంబంధించినవి. అవి ఇంజను అసలు శక్తినిగాని, కుటుంబాన్నిగాని తెలపవు.

2. ఏ, బి, సి శ్రేణి నామాలు విలీనం తరవాత వర్గీకరణ అవసరం నుంచి స్థిరపడ్డాయి. వాటిని పూర్వకాలపు ఇంజన్లకు వాడేటప్పుడు అవి తరవాతి పేర్లన్న స్పృహ ఉండాలి.

3. 1959లో అంబాసిడర్‌లో జరిగింది ఇంజను సవరణ కాదు, కుటుంబ మార్పు. 1476, 1489 అంకెల సామీప్యం దానిని మరుగుపరచింది.

4. ఘనపరిమాణానికి అవ్యాప్తి, అతివ్యాప్తి రెండు దోషాలూ, స్ట్రోకుకు అతివ్యాప్తి దోషమూ ఉన్నాయి. నిర్మాణసామ్యం, విడిభాగాల మార్పిడి కలిస్తేనే కుటుంబ లక్షణం పూర్తవుతుంది.

5. మార్క్ 2 నుంచి నోవా వరకు కారు పేర్లు మారినా 1489 సి.సి. పెట్రోలు ఇంజను కొనసాగింది. కారు చరిత్రనూ ఇంజను చరిత్రనూ వేర్వేరు కాలపట్టికలుగా రాయాలి.

6. మోటారు మరమ్మతు పదకోశం కూర్చేటప్పుడు పేరు పెట్టినవారు, కాలం, ప్రాతిపదిక, పరిధి అన్న నాలుగు అంశాలనూ నమోదు చేయాలి. విజయవాడ ఆటోనగర్ ఇందుకు తగిన తొలి క్షేత్రం. ఆ పని ఆ వృత్తిదారులు ఉండగానే జరగాలి.